ఫలింపని ప్రేమ, ఫలించిన విద్య: ‘సాగరసంగమం’ చిత్రముపై ఒక పరిశీలన

శృంగారరసము సంభోగమనియు, విప్రలంభమనియు రెండు తెరగులని మన లాక్షణికులు సాధారణముగా చెప్పుదురు. దశరూపకకర్తయైన ధనంజయుడు ఈ విభాగముతో తృప్తి పడక, అసలు కలయికయే జరుగని ప్రేమను వేరుపరచి దానికి ‘అయోగము’ అని పేరు పెట్టినాడు. ఇరువురి మనస్సులు కలిసియుండియు, పరాధీనతచేతనో దైవవశముచేతనో జీవితములు కలియని స్థితి అది. కలిసి విడిపోయినవారి దుఃఖము వేరు, కలియకయే మిగిలిపోయినవారి దుఃఖము వేరు అని గుర్తించిన ఆ పండితుని సూక్ష్మదృష్టి మెచ్చదగినది.

మన ప్రబంధములలో విరహవర్ణనము లేని గ్రంథము అరుదు. కాని ఆ విరహములు మిక్కిలిగా వివాహముతో తీరిపోవునవి. మనుచరిత్రలో వరూధిని ప్రవరుని కోరినది; ప్రవరుడు కాదని వెడలిపోయినాడు. అంతటితో ఆగినచో అది తీరని ప్రేమకథ అయియుండెడిది. కథాగమనము మాయాప్రవరుని తెచ్చి నిలిపినది. తీరని కోరికను తీరనిదిగానే కడదాక నిలిపి చూపు రచనలు మనకు అంత తక్కువ. అట్టి కొలది రచనలలో ఒకటి కావ్యము కాదు, నాటకమును కాదు, చలనచిత్రము. 1983వ సంవత్సరమున విడుదలయైన ‘సాగరసంగమం’ అది.

ఈ చిత్రమును గూర్చి సామాన్యముగా చెప్పుకొను మాట ఒకటి యున్నది. ఒక నర్తకుడు ఒక స్త్రీని ప్రేమించి, ఆమె దక్కక, త్రాగుడునకు బానిసయై నశించినాడనునది ఆ మాట. అది అసత్యము కాదు కాని, చిత్రమునకు అది పైపొర మాత్రమే యని నా అభిప్రాయము. ఈ చిత్రములోని అసలు విషాదము ప్రేమ ఫలింపకపోవుట కాదు. నేర్చిన విద్య చేరవలసిన చోటు చేరకపోవుట. ప్రేమ ఫలింపకయే విద్య ఫలించినది గనుకనే చిత్రాంతమున మన కన్నులు చెమర్చినను మనస్సు క్రుంగదు. ఈ సంగతిని చిత్రములోని సన్నివేశములను బట్టియే నిరూపింప యత్నించెదను.

చిత్రము పుట్టిన చోటు

మొదట చిత్రము పుట్టిన చోటును గూర్చి కొంత చెప్పవలసియున్నది. దర్శకుడు కాశీనాథుని విశ్వనాథ్ (1930–2023) గుంటూరు మండలములోని పెదపులివర్రులో జన్మించి, మద్రాసులోని వాహినీ స్టూడియోలో శబ్దగ్రాహకుడుగా పనిచేసి, 1965లో ‘ఆత్మగౌరవం’తో దర్శకుడైనాడు. శబ్దగ్రహణశాలలో చెవిని సానపెట్టుకొనిన వాడు గనుకనే ఆయన చిత్రములలో మువ్వల సవ్వడికిని, నిశ్శబ్దమునకును అంత విలువ యున్నది. నిర్మాత ఏడిద నాగేశ్వరరావు. మాటలు జంధ్యాల, పాటలు వేటూరి సుందరరామమూర్తి, ఛాయాగ్రహణము పి. ఎస్. నివాస్, సంగీతము ఇళయరాజా. కథానాయకుడు కమల్ హాసన్, నాయిక రాజమహేంద్రవరపు ఆడపడుచు జయప్రద. ఈ చిత్రమునకు ఇళయరాజా ఉత్తమ సంగీతదర్శకుడుగను, ఎస్. పి. బాలసుబ్రహ్మణ్యం ఉత్తమ గాయకుడుగను జాతీయ పురస్కారములు పొందినారు. ఇళయరాజాకు అదియే తొలి జాతీయ పురస్కారము. తమిళ సంగీతకర్త, తమిళ నటుడు, తెలుగు కవి, తెలుగు గాయకులు ఒక్క పనికై కూడియుండుట నాటి మద్రాసులో వింత కాదు. చిత్రము తమిళమున ‘సలంగై ఒలి’ యను పేరను, మలయాళమున ‘సాగరసంగమం’ అను పేరనే వెలువడి, మూడు భాషలవారికిని తమ చిత్రమైనది.

నాట్యమునకును చలనచిత్రమునకును మద్రాసులో బంధుత్వము 1983 నాటికే పాతది. కృష్ణాతీరమందలి కూచిపూడి అగ్రహారమునుండి బ్రదుకుతెరువునకై ఈ నగరమునకు వచ్చిన కళాకారులు పలువురు స్టూడియోలలో నృత్యదర్శకులైనారు. ‘మాయాబజార్’ (1957) వంటి చిత్రములకు నృత్యము కూర్చిన పసుమర్తి కృష్ణమూర్తి ఆ ఊరివాడే. వెంపటి చినసత్యం 1963లో ఇక్కడనే కూచిపూడి ఆర్ట్ అకాడమీని స్థాపించి, వీథిలో ఆడు భాగవతమును సభామందిరమునకు తగిన నృత్యముగా తీర్చినాడు. అన్నిటికంటె ఇచ్చట జ్ఞాపకము చేసికొనవలసిన వాడు వేదాంతం రాఘవయ్య. కూచిపూడి గజ్జె కట్టిన ఆ చేతులే 1953లో ‘దేవదాసు’ చిత్రమునకు దర్శకత్వము వహించినవి. తెలుగువాని మనస్సులో ఫలింపని ప్రేమకును మధుపాత్రకును ముడిపెట్టిన చిత్రము అది. ముప్పది యేండ్లకు మరల ఈ నగరమునందే నిర్మితమైన మరియొక చిత్రములో, త్రాగుబోతైన ప్రేమికుడు నర్తకుడుగా కనిపించినాడు.

ఈ ఇరువురిని ప్రక్కప్రక్కన నిలిపి చూచినచో భేదము తేటపడును. దేవదాసునకు ప్రేమ తప్ప వేరు పని లేదు. జమీందారు బిడ్డ, చేతిలో విద్య లేదు, చేయవలసిన కృషి లేదు. పార్వతి పోయినచో అతనికి మిగిలినది శూన్యమే. అందుచేత అతడు చావు దగ్గర పడినప్పుడు పార్వతి మెట్టినింటి గడపను వెదకికొనుచు పోయినాడు. బాలకృష్ణకు మాత్రము మాధవి పోయినను పోనిది ఒకటి యున్నది. అతడు చావు దగ్గర పడినప్పుడు చేరినది ప్రియురాలి గడప కాదు, శిష్యురాలు ఆడుచున్న రంగస్థలము. చావుచోటు మారుటలోనే రెండు చిత్రముల తాత్పర్యము మారినది.

కథాసంగ్రహము

చిత్రమును చూడని నేటి యువజనులకొరకు కథను క్లుప్తముగా చెప్పెదను. బాలకృష్ణ పేదవాడు. వంటపని చేసి తల్లి అతనిని పెంచినది. భరతనాట్యము, కూచిపూడి, కథక్ మున్నగు రీతులను ఎక్కడ దొరికిన అక్కడ నేర్చి, వానినన్నిటిని ఒక్క భారతీయ నృత్యముగా సమన్వయింపవలెనని కలగనినాడు. సినిమాలలో నృత్యము కూర్చు పనికి పోయి, అక్కడి వెకిలి ఆటలకు మనసొప్పక మరలినాడు. వానిలోని కళను గుర్తించినది మాధవి. ఢిల్లీలో జరుగు నృత్యోత్సవమునకు ఆమె అతనికి అవకాశము కల్పించినది. ఆహ్వానపత్రికలో మహామహుల చిత్రముల నొక్కొక్కటే చూచుచు పుటలు త్రిప్పుచున్నవానికి తటాలున తన చిత్రమే కనిపించు ఘట్టమును ఒక్కమారు చూచినవారు మరవలేరు. కాని ఉత్సవమునకు ముందే తల్లి కన్నుమూసినది, వేదిక చేజారినది. మాధవికి పూర్వమే పెండ్లి జరిగి, భర్త దూరమై యున్నాడన్న సంగతి తెలిసినది. ఆ భర్త తిరిగి వచ్చి ఈ ఇరువురిని కలుపుటకు సిద్ధపడగా, బాలకృష్ణయే ఆమెను భర్తతో పంపివేసినాడు. ఈ మూడు దెబ్బలకు మనిషి కూలినాడు.

ఏండ్లు గడచినవి. బాలకృష్ణ ఇప్పుడు ఒక పత్రికలో కళావిమర్శలు వ్రాయు త్రాగుబోతు. శైలజ యను యువతి నృత్యమును చూచి, అందలి దోషములను ఎత్తిచూపుచు నిర్మొగమాటముగా వ్రాసినాడు. ఆ పిల్ల మాధవి కూతురే. విమర్శను చదివి మాధవి అతనిని గుర్తుపట్టినది. ఆమె భర్త అప్పటికి లేడు. మిత్రుడు రఘు సహాయమున, బాలకృష్ణను తన కూతునకు గురువుగా నిలుపుటకు ఆమె పూనుకొన్నది. తల్లికిని ఇతనికిని గల సంబంధమును అపార్థము చేసికొనిన కూతురు, సత్యమెరిగిన పిదప శిష్యురాలైనది. ఆమె ప్రదర్శనను కన్నులార చూచి గురువు కన్నుమూసినాడు.

విమర్శకుని కోపము

నా వాదమునకు మూలము ఆ పత్రికా విమర్శలో ఉన్నది. పాఠకులు ఒక్క విషయము గమనింపవలెను. ఇన్నేండ్లుగా మద్యములో మునిగియున్నవానిని మేల్కొలిపినది ఏది? మాధవి స్మృతి కాదు. ఆమె ఎక్కడ ఉన్నదో అతనికి తెలియనే తెలియదు. వేదికపై ఒక పిల్ల పాటలోని అర్థమొకటి యుండగా వేరొకటి అభినయించినది. అది అతడు సహింపలేకపోయినాడు. ప్రేమచేత చచ్చినవాడు తప్పుడు ముద్రచేత బ్రదికినాడు. శైలజ పత్రికా కార్యాలయమునకు వచ్చి నిలదీసినప్పుడు, బల్లల నడుమ, అక్కడికక్కడే, ఒక్క భావమును వేర్వేరు నృత్యరీతులలో ఎట్లు పట్టవలెనో అతడు ఆడి చూపినాడు. మాటతో మందలించుట కాదది, బోధనము. ఆ క్షణమునందే గురువు పుట్టినాడు. శిష్యురాలు ఇంకను తాను శిష్యురాలినని ఎరుగకున్నది.

ఇచ్చట విశ్వనాథ్ చూపిన నేర్పు వేరుగా చెప్పదగినది. బాలకృష్ణ కోపము అసూయాపరుని కోపము వలె కనిపింపవచ్చును. తనకు దక్కని వేదిక ఇతరులకు దక్కినదను అక్కసు అని శైలజ అనుకొన్నది కూడ. కాని అసూయ గలవాడు తప్పు పట్టి ఊరకుండును. ఒప్పును చేసి చూపడు. తన విద్యను ఎదుటివాని చేతిలో పెట్టుటకు సిద్ధపడినవాని విమర్శ ఎంత కటువైనను అది ప్రేమయే. విమర్శ వ్రాయు మనమందరము నేర్వదగిన పాఠము ఇందులో ఉన్నది.

పురుషుని విరహము

ఇక ప్రేమ విషయమునకు వత్తము. మన నృత్యసంప్రదాయములో విరహము స్త్రీ సొత్తు. సిద్ధేంద్రయోగి భామాకలాపములో అలిగి, వేగి, లేఖ వ్రాయునది సత్యభామ. క్షేత్రయ్య పదములలో మువ్వగోపాలునికై తపించునది నాయిక. ఆ సత్యభామను శతాబ్దముల పాటు కూచిపూడిలో పురుషులే ధరించినారు. వేదాంతం సత్యనారాయణశర్మ (1935–2012) జడ ముందుకు వేసికొని రంగమున నిలిచినచో ప్రేక్షకులు పురుషుడను మాటయే మరచిపోయెడివారు. అనగా పురుషనర్తకునకు విరహము అభినయింప వచ్చును, కాని స్త్రీవేషములో. తన సొంత వేషములో తన సొంత విరహము చెప్పుకొనుటకు సంప్రదాయము అతనికి పదమొకటి కూర్చి ఇయ్యలేదు. ‘సాగరసంగమం’ ఈ లోపమును పూరించినది. అయితే ఎట్లు పూరించినది? బాలకృష్ణచేత విరహగీతము పాడించి కాదు.

వర్షము కురియుచుండగా, త్రాగిన మత్తులో, నూతి గట్టుపై అతడు అడుగులు వేయుచున్న ఘట్టము ఉన్నది. ఒక్క అడుగు తప్పినచో ప్రాణము పోవును. అక్కడికి మాధవి పరుగున వచ్చినది. ఆమె విధవ, ఆ సంగతి అతనికి తెలిసినచో తాను చేసిన త్యాగమంతయు వ్యర్థమైనదని కుమిలిపోవునని, నుదుట కుంకుమ పెట్టుకొని వచ్చినది. వానకు కుంకుమ కరగునేమోనని అతడు తన అరచేతిని ఆమె నుదుటికి అడ్డుపెట్టినాడు. లేని సౌభాగ్యమును ఉన్నదని ఆమె చూపుచున్నది. అది ఉన్నదని నమ్మి అతడు కాపాడుచున్నాడు. రంగస్థలముపై వేయి ముద్రలు పట్టిన చేయి, జీవితములో తన ప్రేమకై పట్టిన ముద్ర అదొక్కటే. అందులో కోరిక లేదు, నింద లేదు. సంభాషణతో పనిలేని ఈ ఘట్టము ఆంగికాభినయమునకు ఉత్తమోదాహరణముగా నాట్యవిద్యార్థులకు చూపదగినది. భావము నోటితో చెప్పనక్కరలేదు, చేతిలో నిలిచిన చాలునని అభినయశాస్త్రము చెప్పునది ఇదియే గదా.

బిడ్డను ఇచ్చుట, బిడ్డను దాచుట

ఈ చిత్రమునకు పూర్వము 1980లో విడుదలయైన విశ్వనాథ్ చిత్రము ‘శంకరాభరణం’ను దీనితో కలిపి చదువవలెను. అందులో తులసి శంకరశాస్త్రిని దైవముగా భావించినది. లోకము దానిని వేరుగా అనుకొన్నది. ఆమె తన కొడుకును ఆయన చెంత శిష్యునిగా చేర్చినది. కడపట శాస్త్రి పాడుచు కూలగా, మిగిలిన పాటను ఆ బాలుడే అందుకొన్నాడు. ‘సాగరసంగమం’లో మాధవి తన కూతును బాలకృష్ణకు శిష్యురాలుగా ఇచ్చినది. రెండింటను పోలిక స్పష్టము. తనకు దక్కని సాన్నిధ్యమును స్త్రీ తన బిడ్డకు విద్యరూపమున దక్కించుకొన్నది. తన రక్తము కాని బిడ్డకు గురువు తన సర్వస్వమును ధారపోసినాడు. వంశమునకు మారుగా విద్య నిలిచినది. విశ్వనాథ్ దృష్టిలో ఫలింపని ప్రేమకు సంతానము ఉన్నది; ఆ సంతానము పేరు శిష్యుడు.

ఇదే విషయమును పొరుగువారైన మలయాళీలు ఎట్లు చూచిరో పరిశీలించినచో మన చిత్రము విశిష్టత ఇంకను బోధపడును. షాజీ ఎన్. కరుణ్ దర్శకత్వమున 1999లో వెలువడిన ‘వానప్రస్థం’ ఇందుకు తగినది. అందు కుంజికుట్టన్ అను కథకళి నటుడు (మోహన్‌లాల్) అర్జునవేషమున ప్రసిద్ధుడు. సుభద్ర అను ఉన్నతకుటుంబపు విదుషి (సుహాసిని) ఆ అర్జునుని వలచినది. వేషము తీసివేసిన పిదప మిగిలిన పేద నటుడు ఆమెకు అక్కరలేదు. ఆమెకు కలిగిన బిడ్డను చూచు భాగ్యము కూడ అతనికి దక్కలేదు. కట్టకడపట తన కూతునే సుభద్రవేషమున ఎదుట నిలుపుకొని అతడు అర్జునుడుగా ఆడినాడు. చూడుడు: ఇచ్చట స్త్రీ కళను ప్రేమించి కళాకారుని త్రోసివేసినది; అతని బిడ్డను అతనికే దాచినది. అచ్చట మాధవి కళను, కళాకారుని వేరుచేయక, తన బిడ్డను అతని చేతిలో పెట్టినది. ఒక చిత్రము కళాకారుని ఒంటరితనమును చెప్పినది, రెండవది కళాకారుని వారసత్వమును చెప్పినది. ఏది గొప్పయని తూచుట నా ఉద్దేశము కాదు. ‘వానప్రస్థం’లో కులము, అధికారము కళాకారుని ఎట్లు నలుపునో చూపిన నిర్దాక్షిణ్యమైన సత్యము మన చిత్రమున లేదని ఒప్పుకొనవలెను. కాని ఆ చిత్రము చూచి లేచినవానికి లేని ఆశ మన చిత్రము చూచినవానికి ఉన్నది.

మరియొక మలయాళ చిత్రము ‘కమలదళం’ (1992). లోహితదాస్ రచన, సిబి మలయిల్ దర్శకత్వము. భార్యను కోల్పోయి మద్యమునకు లోనైన నృత్యాచార్యుడు నందగోపన్. అతనిని మనసార వలచిన శిష్యురాలు మాళవిక. గురువుపై శిష్యురాలికి గల ప్రేమ మరియొకని మనస్సున అసూయ రేపగా, అది విషప్రయోగమునకు దారితీసినది. మన చిత్రములో ప్రియురాలు వేరు, శిష్యురాలు వేరు. అక్కడ ఇరువురును ఒక్కరే. అందుచేతనే అక్కడ విద్యాదానము ప్రాణాపాయమైనది. ఇంకొక భేదమును గలదు. నందగోపన్ చుట్టును ఒక కళాశాల ఉన్నది. మహాకవి వళ్ళత్తోళ్ 1930లో కేరళ కళామండలమును నెలకొల్పిన దేశమునకు అట్టి కథ సహజమే. మన బాలకృష్ణకు కళాశాల లేదు. పెండ్లివారి వంటయిల్లు, నూతి గట్టు, పత్రికా కార్యాలయము, చివరకు చక్రముల కుర్చీ — ఇవియే అతని నాట్యమందిరములు. పదమూడవ శతాబ్దమునందే జాయపసేనాని చేత నృత్తరత్నావళిని వ్రాయించుకొనిన జాతికి నర్తకుని నిలుపు నీడ ఇంత కరవైనదా యని ఆ చిత్రము చూచునపుడెల్ల తోచును.

చిత్రములోని కొరత

గుణములు చెప్పి దోషములు దాచుట విమర్శ కాదు. ఈ చిత్రములో నాకు తృప్తి నీయని అంశము మాధవి పాత్రచిత్రణము. భర్త వచ్చి ఆమెను బాలకృష్ణకు అప్పగింప సిద్ధపడినాడు. బాలకృష్ణ ఆమెను భర్తకు అప్పగించినాడు. ఇరువురును ఉదారులే, కాని ఇరువురిలో ఎవ్వరును ఆమె మనస్సు ఏమని అడుగలేదు. త్యాగము చేసినవానికి కీర్తి వచ్చినది. త్యాగమైపోయినది ఆమె జీవితము. ధనంజయుడు అయోగమునకు హేతువుగా చెప్పిన పరాధీనత ఇక్కడ అక్షరాల వర్తించినది, కాని అది పరాధీనతయని చిత్రము గుర్తించినట్లు తోపదు. ధర్మమని భావించినట్లే కనిపించును. కళలో ఇంత రసజ్ఞత గల స్త్రీకి తనదగు కళ గాని, వృత్తి గాని చిత్రమున ప్రధానము కాలేదు. ఆమె గుర్తించును, ప్రోత్సహించును, కన్నీరు దాచుకొనును. సహృదయుడు లేనిదే కళ లేదని అలంకారశాస్త్రము చెప్పినమాట నిజమే. ఆ సహృదయురాలికి ఇంకొంత నోరు ఇచ్చియుండవలసినది.

అయినను, ఆ కొరతకు ఒక ప్రాయశ్చిత్తము చిత్రములోనే ఉన్నది. పూర్వార్ధములో ఇతరుల నిర్ణయములకు లోబడిన మాధవి ఉత్తరార్ధములో తానే నిర్ణయములు చేసినది. విమర్శను చదివి అతనిని వెదకించినది ఆమె. గురువుగా నిలిపినది ఆమె. కూతురి నిందను సహించినది ఆమె. ప్రియురాలుగా తనకు దక్కని స్వాతంత్ర్యమును తల్లిగా ఆమె వినియోగించుకొన్నది. చిత్రమును నడపిన చేయి కడపట ఆమెదే.

మనకు దీనితో నేమి పని?

ఈ వ్యాసము చదువువారు, నలుబది యేండ్లు దాటిన ఒక సినిమాకథతో మనకిప్పుడు ఏమి పని యని అడుగవచ్చును. చెన్నపురిలో తెలుగు బోధించుచు బ్రదుకు నావంటివానికి దానితో చాల పని యున్నది. మార్గశిరమాసమున ఈ నగరపు సభలలో ఏ సాయంకాలము కూర్చున్నను, భరతనాట్యమో కూచిపూడియో, తెలుగు వర్ణమో, క్షేత్రయ్య పదమో, జావళియో వినవచ్చును. బాలసరస్వతి (1918–1984) వంటి మహానర్తకి తమిళనాటి ఆడపడుచైయుండి, క్షేత్రయ్య పదములకు చేసిన అభినయముచేత లోకప్రసిద్ధి పొందినది. ఆమె తరమువారు పదములోని ప్రతి మాట అర్థమును గురుముఖమున నేర్చినారు. నేడు వేదికపై ఆడు పిల్లలలో పలువురకు తెలుగు రాదు. పాటను తమ లిపిలో వ్రాసికొని, అర్థమును క్లుప్తముగా విని, చేతులు త్రిప్పుదురు. వారి శ్రద్ధను నేను తక్కువ చేయను. కాని మాటలోని ఎత్తిపొడుపు, చనువు, అలుక తెలియనిదే చేయి సరిగా తిరుగదు. బాలకృష్ణకు కోపము తెప్పించిన దోషము ఇదియే.

మరియొక ప్రక్క మన పిల్లలున్నారు. ఇంటిలో తెలుగు మాటలాడుదురు. కాని చదువలేరు, వ్రాయలేరు. తమిళనాట 2006లో చేసిన చట్టముచేత బడులలో తమిళము తప్పనిసరి పాఠ్యమైనది. ఉన్న ఊరి భాష నేర్వవలసినదే. అందుకు ఎవ్వరును వగవనక్కరలేదు. కాని దానితోపాటు ఇంటిభాషను నిలుపుకొను పూనిక మనలో తగ్గినది. నా తరగతిలో క్షేత్రయ్య పదమును చదివినప్పుడు, తెలుగింటి పిల్లలు అందలి పలుకుబడికి పకపక నవ్వుదురు. అది తమ అమ్మమ్మ మాటవలెనున్నదందురు. కాని ఆ పదమును పుస్తకములో తామై చదువలేరు. నృత్యము నేర్చుచున్న తమిళ బాలికకు లిపి యున్నది, తాళమున్నది, అర్థము లేదు. తెలుగు బాలికకు అర్థమున్నది, అక్షరము లేదు. ఒకే విద్య రెండు ముక్కలై ఇద్దరి ఇండ్లలో పడియున్నది.

ఈ రెండు ముక్కలను కలుపుట తెలుగు సంఘములకు అసాధ్యము కాదు. ఏటేట మనము వార్షికోత్సవములు జరుపుచున్నాము. నృత్యప్రదర్శనలు పెట్టి శాలువలు కప్పుచున్నాము. ఆ పనితోపాటు, నగరములో నృత్యము నేర్చు బాలబాలికలకు, వారు ఏ భాషవారైనను సరే, ఆడుచున్న పదములకు ప్రతిపదార్థ తాత్పర్యములు చెప్పు తరగతులను వారమున కొక్కనాడు నడుపవచ్చును. ఆ తరగతులలోనే మన పిల్లలకు ఆ పదముల మూలముగా అక్షరములు నేర్పవచ్చును. పాఠము చెప్పుటకు తెలుగు ఉపాధ్యాయులమున్నాము. చోటు ఇచ్చుటకు సంఘమందిరములున్నవి. కావలసినది పిలుచువారు. బాలకృష్ణకు మాధవి చేసినదిదియే గదా. విద్య గలవాడొక మూల, విద్య కావలసినది మరియొక మూల ఉండగా, ఇరువురిని ఒక్కచోట కూర్చుండబెట్టినది.

భాషపై మమకారమును గూర్చి మనము సభలలో చాల మాటలాడుదుము. ఆ మమకారము సత్యమే కావచ్చును. కాని అదియును ఒక విధమైన అయోగమే. మన ప్రేమ మనలోనే ఉండిపోయి, నేర్వవలసినవానిని చేరకున్నచో, దానికిని బాలకృష్ణ త్రాగుడునకును భేదము తక్కువ. అతడు త్రాగి, తలచుకొని, ఏడ్చిన ఏండ్లన్నియు వృథాయైనవి. పిల్లనొకతెను ఎదుట నిలిపి చేయి సరిదిద్దిన నెలలు మాత్రమే నిలిచినవి. ‘సాగరసంగమం’ చెప్పిన ఈ సంగతిని తెలుగు బడులవారును, తెలుగు సంఘములవారును గుర్తుంచుకొనినచో, ఆ చిత్రమునకు మనము చేయదగిన సత్కారము అంతకు మించి లేదు.